క్లోండైక్‌కి బయల్దేరే ఆడవాళ్లకి ఒక వంటావిడ సలహాలు

నేను సియాటెల్ పక్కన బాతెల్‌లో ఇంటి నుంచే క్యాటరింగ్ చేస్తాను. గృహప్రవేశాలకీ సీమంతాలకీ సరుకు లెక్క వేయడం నా పని. ఇండియా నుంచి పిల్లల దగ్గరికి వచ్చిన అమ్మల్నీ అత్తగార్లనీ అప్పుడప్పుడు పయనీర్ స్క్వేర్‌లోని క్లోండైక్ మ్యూజియానికి, అంటే 1890ల్లో కెనడాకి బంగారం కోసం పరిగెత్తినవాళ్ల కథ చెప్పే చోటికి, తీసుకెళ్తుంటాను. పాత కాడిలాక్ హోటల్ బిల్డింగ్‌లో ఉంటుంది, టికెట్ లేదు. గోడల నిండా మీసాల మగవాళ్ల ఫొటోలు చూసి ప్రతి పెద్దావిడా అడిగేది ఒకటే: "ఆడవాళ్లు వెళ్లలేదా?"

వెళ్లారు. మగవాళ్లతో పోలిస్తే కొద్దిమందే, కానీ వెళ్లారు. అప్పుడు రెండో ప్రశ్న వస్తుంది: ఏం తిన్నారు, ఏం కట్టుకున్నారు, డబ్బెలా సంపాదించారు? ఆ ప్రశ్నలకి జవాబుగానే ఇది రాస్తున్నాను. 1898 ఫిబ్రవరిలో సియాటెల్ రేవులో ఓడెక్కబోతున్న ఆడమనిషి నా ఎదురుగా కూర్చున్నట్టే చెబుతాను. అలా చెబితేనే నాకు లెక్క కుదురుతుంది.

ముందు రెండు ముక్కల్లో సంగతి. 1896 ఆగస్టు 16న కెనడాలోని యూకాన్‌లో, క్లోండైక్ నదిలో కలిసే ర్యాబిట్ క్రీక్ అనే వాగులో బంగారం పడింది. తర్వాత ఆ వాగుకే బొనాంజా అని పేరు మార్చారు. జార్జ్ కార్మాక్, స్కూకుమ్ జిమ్, డాసన్ చార్లీ అని మగవాళ్ల పేర్లు చెబుతారు గానీ కార్మాక్ భార్య కేట్ కూడా ఆ బృందంలోదే. జిమ్‌కి అక్కచెల్లెలు, టాగిష్ జాతి మనిషి, అసలు పేరు షా ట్లా. 1897 జూలై 17న పోర్ట్‌లాండ్ అనే ఓడ ఆ బంగారంతో సియాటెల్‌లో ఆగింది. ఇక ఊళ్లకి ఊళ్లు కదిలాయి. లక్ష మంది దాకా బయల్దేరారని, అందులో 30, 40 వేల మందే ఆ గనుల దగ్గర లేచిన డాసన్ ఊరు చేరారని అంచనా.

ఆ ఓడలోంచే ఎథెల్ బెర్రీ అనే కొత్త పెళ్లికూతురు దిగింది. 1896లో పెళ్లయింది, హనీమూన్ చిల్‌కూట్ కొండ మీదుగా నడక, తర్వాత ఎల్డొరాడో వాగు పక్కన దుంగల గుడిసెలో చలికాలం. విలేకరులు చుట్టుముట్టి ఆడవాళ్లకి మీరిచ్చే సలహా ఏమిటని అడిగితే, వెళ్లొద్దనే చెబుతానంది. ఆవిడ మాత్రం మళ్లీ వెళ్లింది. కాబట్టి మనమూ సామాను సర్దుకుందాం.

దారి ఎంచుకోవడం

డబ్బుంటే అలాస్కా తీరంలోని సెయింట్ మైకేల్ దాకా సముద్రం మీద, అక్కణ్నించి యూకాన్ నది మీద స్టీమర్‌లో వెళ్లొచ్చు. నడక అక్కర్లేదు. కానీ ఆ నది ఎండాకాలం కొన్ని నెలలే తెరుచుకుని ఉంటుంది. మేరీ హిచ్‌కాక్, ఎడిత్ వాన్ బ్యూరెన్ అనే ఇద్దరు గొప్పింటి ఆడవాళ్లు 1898లో అలాగే వెళ్లారు. వెంట రెండు గ్రేట్ డేన్ కుక్కలు, పావురాలు, పాడే పిట్టలు, సర్కస్ డేరా అంత గుడారం. చదివినప్పుడల్లా నవ్వొస్తుంది, కొంచెం అసూయ కూడా.

మిగతావాళ్లకి రెండే దారులు. అలాస్కా తీరంలో స్కాగ్వే, డయ్యా అని రెండు ఊళ్లు: స్కాగ్వే నుంచి వైట్ పాస్ కనుమ, డయ్యా నుంచి చిల్‌కూట్ కనుమ. వైట్ పాస్ ఏటవాలు తక్కువ కాబట్టి గుర్రాలతో వెళ్లొచ్చన్నారు. మూడు వేల గుర్రాల దాకా ఆ దారిలో చచ్చాయి. చిల్‌కూట్ నిట్టనిలువు, పైకి మన కాళ్లే దిక్కు, కానీ దూరం తక్కువ: డయ్యా నుంచి బెన్నెట్ సరస్సు దాకా 33 మైళ్లు. చిల్‌కూటే పట్టుకోండి. ఏడాదిన్నర ఆగగలిగితే వైట్ పాస్ మీద రైలు వస్తుంది, 1899 జూలైకి బెన్నెట్ చేరుతుంది. కానీ అప్పటికి మంచి వాగులన్నీ ఎవరో ఒకరి పేరు మీద ఉంటాయి.

సరుకు

ఇది నా శాఖ కాబట్టి కాస్త ఎక్కువే మాట్లాడతాను.

1897-98 చలికాలంలో డాసన్‌లో తిండి కరువొచ్చింది. అందుకని కెనడా పోలీసులు, అంటే నార్త్ వెస్ట్ మౌంటెడ్ పోలీసులు, కొండ శిఖరం మీదే కాపలా పెట్టి రూల్ చెప్పారు: ఏడాది తిండి చూపిస్తేనే లోపలికి. తిండి 1150 పౌండ్ల దాకా, గుడారం, పొయ్యి, పనిముట్లు కలిపితే మొత్తం టన్ను. మన లెక్కలో 900 కిలోలు. మనిషికి.

అప్పట్లో అచ్చయిన జాబితాలు దాదాపు ఒకేలా ఉంటాయి. గోధుమపిండి 400 పౌండ్లు, బేకన్ అనే ఉప్పు పట్టించిన పందిమాంసం 150, బీన్స్ గింజలు 125, ఎండబెట్టిన పళ్లు 75, ఓట్స్ 25, చక్కెర 25, ఎండు బంగాళదుంప 25, ఉప్పు 15, కాఫీ 10, టీ 10, బేకింగ్ పౌడర్ 8, వంట సోడా 2, మిరియాల పొడి 1, ఎండు ఉల్లిపాయ 2.

పిండి రోజుకి అరకిలో పడుతుంది. చలిలో బరువు లాగే మనిషికి సరిపోతుంది. బీన్స్ రోజుకి 150 గ్రాములు, ఇదీ సరే. చక్కెర రోజుకి 30 గ్రాములు. పిసినారితనం! ఎండు ఉల్లిపాయ ఏడాదికి రెండు పౌండ్లు రాసినవాడు ఎప్పుడూ పొయ్యి దగ్గర నిలబడి ఉండడు. నా మాట విని ఉల్లిపాయ అయిదు పౌండ్లు చేయండి, మోసేది మూడు పౌండ్లే ఎక్కువ. మిరియాలు కూడా రెండు తీసుకోండి. ఏడాది పొడుగునా బేకన్, బీన్స్ తిన్న నాలుకకి కారం ఎంత అవసరమో మనకి ఎవరూ చెప్పక్కర్లేదు.

ఇంకో సంగతి. జాబితాలో ఎండబెట్టిన కూరలున్నాయి కదా అని ధీమా పడొద్దు. ఎండబెట్టడంలోనే విటమిన్ సి చాలామటుకు పోతుంది. చలికాలం చివరికి చిగుళ్లు వాచి, కాళ్ల మీద నల్లమచ్చలు లేచి, పళ్లు కదిలే స్కర్వీ అందుకే వచ్చేది. నెల్లీ క్యాష్‌మన్ అనే ఐరిష్ ఆవిడ ఈ సంగతి పాతికేళ్ల ముందే గ్రహించింది. 1870ల్లో కెనడాలోని క్యాసియర్ గనుల దగ్గర మగవాళ్లు స్కర్వీతో పడి ఉన్నారని విని, విక్టోరియా నుంచి కొందరు మనుషుల్ని వెంటబెట్టుకుని నడి చలికాలంలో 1500 పౌండ్ల సరుకు స్లెడ్జి బండ్ల మీద లాక్కెళ్లింది. అందులో నిమ్మజాతి రసం ఉంది. ఆవిడే 1898లో, యాభై దాటిన వయసులో, డాసన్ వచ్చి హోటల్ పెట్టింది. కాబట్టి నిమ్మరసం సీసాలు తీసుకోండి. అది అయిపోతే స్ప్రూస్ చెట్టు పచ్చి ఆకులు వేణ్నీళ్లలో వేసి ఆ కషాయం తాగండి. ఎక్కడైనా పచ్చి బంగాళదుంప దొరికితే వండకండి, పల్చగా కోసి వెనిగర్‌లో ముంచి పచ్చిదే తినండి.

సరుకంతా 50 పౌండ్ల మూటలుగా, నూనె పట్టించిన కాన్వాస్ సంచుల్లో కట్టించుకోండి. అగ్గిపెట్టెలు రేకు డబ్బాలో పెట్టి మూత మాట్లు వేయించండి. కొన్న ప్రతిదానికీ బిల్లు దగ్గరుంచుకోండి, అమెరికాలో కొన్న సరుక్కి కొండ మీద కెనడా వాళ్లు సుంకం కట్టించుకుంటారు. విక్టోరియాలోనో వాంకూవర్‌లోనో కొంటే ఆ బాధ లేదు. సియాటెల్ షాపులవాళ్లు ఈ మాట మీకు చెప్పరు. ఊరు బాగుపడిందే ఈ అమ్మకాల మీద.

ఇప్పుడు అసలు మాట. ఆ టన్నుకి తోడు, చోటున్నంత వరకూ, అక్కడ లేనిది తీసుకెళ్లండి. బెలిండా మల్‌రూనీ అనే అమ్మాయి ఐర్లండ్‌లో పుట్టింది, పెన్సిల్వేనియాలో పెరిగింది, షికాగో ఎగ్జిబిషన్‌లో తినుబండారాల వ్యాపారం చేసింది, ఓడల్లో స్టీవార్డెస్‌గా పనిచేసింది. 1897లో డాసన్ వెళ్తూ ఆమె పట్టుకెళ్లింది పట్టు, నూలు తానులు, వేణ్నీళ్ల రబ్బరు సంచులు. అందరూ నవ్వి ఉంటారు. అక్కడ ఆరింతలకి అమ్మింది. ఊళ్లో దిగగానే చేతిలో మిగిలిన ఆఖరి చిల్లర నాణేన్ని యూకాన్ నదిలోకి విసిరేసిందట, ఇక చిల్లరతో పనిలేదని. అన్నా డిగ్రాఫ్ అనే పెద్దావిడ 1894లోనే, ఇంటికి రాని కొడుకుని వెతుక్కుంటూ కుట్టు మిషనుతో చిల్‌కూట్ దాటింది. సూదులు, దారం, గుండీలు: బరువుండవు, పాడవవు, వెయ్యి మైళ్లలో ఎక్కడా దొరకవు. నేనైతే దాల్చినచెక్క కూడా పట్టుకెళ్తాను. ఎందుకో డాసన్ చేరాక చెబుతాను.

ఒంటి మీదికి

1897 డిసెంబరు చివర్లో స్కాగ్వే పత్రికలో ఆనీ హాల్ స్ట్రాంగ్ అనే ఆవిడ ఆడవాళ్లకి సలహాలు రాసింది. నాకు బాగా నచ్చిన కాగితం అది. ఊరికే ధైర్యం చెప్పదు, భయపెట్టదు, లెక్క రాస్తుంది. మొదట చెప్పింది చెప్పుల గురించి: ఇంట్లోకి ఒకటి, నడకకి మందపు అడుగుది, చలికి ఫెల్ట్ బూటు, తడికి రబ్బరు బూటు, మంచు మీద జారకుండా కింద కట్టుకునే ఇనుప ముళ్లు. తర్వాత ఒక మంచి డ్రెస్సు, మందపాటి ఉన్ని బ్లూమర్లు (వదులు పైజామాల్లాంటివి), వాటి మీద వేసుకోవడానికి ముతక గుడ్డతో కుట్టిన పొట్టి స్కర్టులు మూడు, చలికాలం లోదుస్తులు మూడు జతలు, ఏప్రన్లు మూడు, మంచు కళ్లద్దాలు, దోమతెర ముఖానికి అంటకుండా ఉండేంత వెడల్పు అంచున్న టోపీ.

టోపీ సంగతి చూడండి. తెర చర్మానికి తగిలితే దోమ దాని మీంచే కుడుతుంది. మంచుదేశంలో దోమలేమిటి అనుకుంటారు గానీ, యూకాన్‌లో జూన్ నెల దోమలకి ఏడ్చిన మగాళ్లున్నారు.

పొట్టి స్కర్టు అంటే పిక్కల దాకా. అంత మాత్రానికే ఊళ్లో నోళ్లు లేస్తాయి. లేవనివ్వండి. నేలని తాకే స్కర్టు మంచులో తడిసి, గడ్డకట్టి, అడుగడుగునా పిక్కల్ని కోస్తుంది. మార్తా పర్డీ అనే షికాగో ఆవిడ 1898 జూలైలో చిల్‌కూట్ ఎక్కింది. భర్త ఆఖరి నిమిషంలో మనసు మార్చుకుని హవాయి అన్నాడు, ఈవిడ తమ్ముడితో కలిసి ముందుకే పోయింది. పైగా అప్పటికే కడుపుతో ఉంది. ఒంటి మీద పొడుగు కార్డురాయ్ స్కర్టు, మెడ దాకా గట్టి కాలరు, నడుం నొక్కేసే, ఎముకలు బిగించిన కార్సెట్. ఆ బట్టల్ని ఆవిడ దారి పొడుగునా తిట్టుకుంది. కార్సెట్ ఇంట్లో వదిలేయండి. కొండెక్కేటప్పుడు ఊపిరి కావాలి.

చెమట పట్టేంత కప్పుకోకండి. చలి నేరుగా చంపదు, తడి చంపుతుంది. నడిచేటప్పుడు ఒక పొర తీసేయాలి, ఆగగానే వేసుకోవాలి. రాత్రి పడుకునే ముందు మేజోళ్లు తప్పకుండా మార్చాలి, తడివి పొయ్యి మీద తాడుకి కట్టాలి. పొడిచలిలో కొన్న బూట్ల కంటే అక్కడి టాగిష్, ట్లింగిట్, హాన్ జాతుల ఆడవాళ్లు దుప్పితోలుతో కుట్టే మకాసిన్లు అనే మెత్తటి జోళ్లు మేలు. మొదటి చలికాలం కేట్ కార్మాక్ గనుల్లోవాళ్లకి మకాసిన్లు, చేతి తొడుగులు కుట్టి అమ్మింది. బేరమాడకండి, అడిగినంత ఇవ్వండి, కాలివేళ్ల కంటే ఏదీ ఎక్కువ కాదు.

పత్రికల జాబితాల్లో రాయనిది ఒకటుంది. నెలసరికి పాత ఫ్లానెల్ గుడ్డలు ఒక సంచి నిండా పెట్టుకోండి. గుడారంలో ఉతికి ఆరేసే వీలుండదు, బయట గడ్డకడతాయి. కాల్చేయడానికి సరిపడా ఉంటేనే టెన్షన్ ఉండదు.

డయ్యా నుంచి కొండ మీదికి

డయ్యాలో సరైన రేవు లేదు. సరుకుని తీరంలో దించేసి ఓడవాళ్లు చక్కా పోతారు. దిగగానే చేయాల్సింది ఒక్కటే, సముద్రం పోటెక్కే లోపల మూటలన్నీ గట్టుకి చేర్చడం. టీ తర్వాత తాగొచ్చు.

అక్కణ్నించి లెక్క ఇలా ఉంటుంది. టన్ను సరుకు, మోతకి 60 పౌండ్లు అనుకుంటే 33 మోతలు. శిఖరం డయ్యాకి పదహారున్నర మైళ్లు. 33 సార్లు బరువుతో పైకి, 32 సార్లు ఖాళీగా కిందికి. వెయ్యి మైళ్లు దాటుతుంది. అందుకే అందరూ అయిదారు మైళ్లకోసారి సరుకు కుప్ప వేసి, మొత్తం చేర్చాక ముందుకి కదిలేవాళ్లు. కుప్ప మీద పొడుగాటి కర్ర పాతండి. రాత్రికి రాత్రి మంచు కప్పేస్తే ఎక్కడ పెట్టారో మీకే తెలియదు.

షీప్ క్యాంప్, ఆ తర్వాత స్కేల్స్ అనే చోటు. అక్కడ మోతగాళ్లు మూటలు మళ్లీ తూచి రేటు పెంచుతారు. డబ్బుంటే ఇవ్వండి. ఈ దారి తరతరాలుగా ట్లింగిట్ వర్తకులది, వాళ్ల ఆడవాళ్లు, పిల్లలు కూడా మూటలు మోసేవాళ్లు. స్కేల్స్ నుంచి శిఖరానికి మంచులో చెక్కిన 1500 మెట్లు. ఒకరి వెనక ఒకరు, మధ్యలో ఆగడానికి లేదు. అలిసిపోతే పక్కన చెక్కిన గూట్లోకి తప్పుకోవాలి, మళ్లీ వరసలో దూరాలంటే సందు దొరికేదాకా నిలబడాలి. కాబట్టి మెల్లగా ఎక్కండి, ఆగకుండా ఎక్కండి.

ఒక్క నియమం మాత్రం మర్చిపోవద్దు. ట్లింగిట్ మోతగాళ్లు మూట దించి ఇవాళ ఎక్కం అంటే మీరూ ఎక్కకండి. 1898 ఏప్రిల్ 3న, మట్టల ఆదివారం, వాళ్లు అదే మాట అన్నారు. వినకుండా వెళ్లినవాళ్ల మీద మంచుచరియ విరిగిపడి అరవైమందికి పైగా పోయారు.

స్కాగ్వే మీదుగా వచ్చినవాళ్లకి ఇంకో హెచ్చరిక. అక్కడ సోపీ స్మిత్ ముఠా ఉంది. ఊళ్లో టెలిగ్రాఫ్ ఆఫీసు పెట్టి, అయిదు డాలర్లకి మీ ఇంటికి కబురు పంపుతామంటారు. స్కాగ్వేకి అసలు తీగే లేదు. జూలై 8న అతన్ని కాల్చి చంపేదాకా ఇదే వరస. దారి చూపిస్తానని, సామాను చూసిపెడతానని నవ్వుతూ వచ్చే ప్రతివాడికీ మా ఆయన వెనక వస్తున్నాడని చెప్పండి. ఆయన లేకపోయినా పర్లేదు.

పడవ

కొండ దిగాక డాసన్ దాకా నీళ్ల మీదే పోవాలి. అందుకని లిండెమన్, బెన్నెట్ సరస్సుల ఒడ్డున చెట్లు కొట్టి, రంపంతో పలకలు కోసి పడవ కట్టాలి. దుంగని ఎత్తున పెట్టి పైన ఒకడు, కింద ఒకడు నిలబడి రంపం లాగుతారు. కిందవాడి కళ్లలో పొట్టు పడుతుంది, తిట్లు మొదలవుతాయి, ప్రాణస్నేహితులు అక్కడే విడిపోయి పడవని సగానికి కోసుకున్న కథలున్నాయి. మీరు రంపం జోలికి పోకుండా, కోసేవాళ్లకి వండిపెట్టి పడవలో చోటు బేరం చేసుకోండి. నా దృష్టిలో మొత్తం ప్రయాణంలో ఇంత మంచి బేరం ఇంకోటి లేదు.

1898 మే 29న మంచు కరిగి దారిచ్చింది, ఏడు వేలకి పైగా పడవలు ఒక్కసారి కదిలాయి. మైల్స్ క్యాన్యన్, వైట్ హార్స్ సుడుల దగ్గర 150 దాకా పడవలు బద్దలై మనుషులు మునిగారు. అప్పుడు పోలీసు అధికారి శామ్ స్టీల్ ఉత్తర్వు ఇచ్చాడు: ఆడవాళ్లూ పిల్లలూ పడవలో సుడులు దాటకూడదు, అయిదు మైళ్లు గట్టు మీద నడవాలి, అనుభవమున్న సరంగు లేకుండా ఏ పడవా కదలకూడదు, కాదంటే వంద డాలర్లు జరిమానా. రోషపడి వాదించినవాళ్లున్నారు. నేనైతే సంతోషంగా నడుస్తాను. బంగారు రజను, పుల్లపిండి డబ్బా, కుట్టు మిషను తల మాత్రం పడవలో వదలకుండా చేత్తో పట్టుకెళ్తాను.

పుల్లపిండి

ఆ డబ్బా గురించి ఇప్పుడే చెప్పాలి. బేకింగ్ పౌడర్ ఎనిమిది పౌండ్లు ఏడాది రాదు, తడి తగిలితే అసలే పనికిరాదు. అందుకని పాతకాపులంతా పులిసిన పిండి దగ్గరుంచుకునేవాళ్లు. వాళ్లనే సోర్‌డో అని పిలిచేవాళ్లు కూడా. దోసెలపిండి చలికాలంలో పులవక ఓవెన్‌లో లైటు వేసి పెట్టుకునే మనకి ఈ పని కొత్త కాదు.

మొదలుపెట్టడం తేలిక. గోరువెచ్చటి నీళ్లలో సరిసమానంగా పిండి కలిపి, చిటికెడు చక్కెర వేసి, మూత వదులుగా పెట్టి పొయ్యికి మూరెడు దూరంలో ఉంచండి. బంగాళదుంప ఉడికించిన నీళ్లుంటే ఇంకా మంచిది. నాలుగైదు రోజుల్లో పైన బుడగలు వస్తాయి, వాసన ముక్కుకి తగులుతుంది. మూత బిగించారో, డబ్బా పేలుతుంది.

రోజూ రాత్రి గరిటెడు పుల్లపిండి తీసి పెద్ద గిన్నెలో వేసి, అందులో పిండి, నీళ్లు పోసి గరిటెజారుగా కలపండి. పొద్దున్నే ముందుగా ఒక గరిటె తీసి డబ్బాలో తిరిగి వేయండి. అట్లు వేసే ఆత్రంలో ఈ పని మర్చిపోతే మళ్లీ మొదట్నుంచి మొదలు. మిగతా దానిలో ఉప్పు, కొంచెం చక్కెర, బేకన్ కొవ్వు వేసి కలిపి, ఆఖర్న అర చెంచా వంట సోడా నీళ్లలో కరిగించి పోయండి. సోడా పడగానే పిండి నురగలా లేస్తుంది, పులుపు సర్దుకుంటుంది. అది లేచి ఉండగానే పెనం మీద వేయాలి. పెనం సరిగా కాలిందో లేదో నీళ్లు చిలకరించి చూడండి. రేకుపొయ్యి ఒక పక్కే ఎర్రగా కాలుతుంది, అట్టుని తిప్పుతూ ఉండాలి.

రాత్రి పొయ్యి ఆరిపోతుంది. బయట మైనస్ 40 అయితే గుడిసెలో నీళ్లబకెట్టు గడ్డకడుతుంది. అందుకని పుల్లపిండి డబ్బాని గుడ్డలో చుట్టి పక్కలో పెట్టుకుని పడుకునేవాళ్లు. చలి ఎంతుందో చూడ్డానికి గుమ్మం బయట చిన్న సీసాల్లో పాదరసం, నొప్పుల మందు లాంటివి పెట్టేవాళ్లు. పాదరసం గడ్డకడితే మైనస్ 39 దాటినట్టు. నొప్పుల మందు కూడా గడ్డకట్టిన రోజు ఎవరూ గడప దాటరు.

బీన్స్‌కి ఇంకో చిట్కా. ఒకేసారి పెద్ద కుండ వండి, పలకలా పరిచి బయట పెట్టేయండి. రాయిలా గట్టిపడుతుంది. ప్రయాణంలో గొడ్డలితో ఒక ముక్క కొట్టి బాణలిలో వేస్తే పది నిమిషాల్లో భోజనం. ఫ్రీజర్ కనిపెట్టక్కర్లేకుండా ఊరంతా ఫ్రీజరే.

డాసన్‌లో

వచ్చేశారు. 1898 జూన్, జూలై. వీధి నిండా మోకాలి లోతు బురద, దారికి రెండు పక్కలా గుడారాలు. మొదటి పని, నది నీళ్లు కాచకుండా తాగకండి. ఆ ఎండాకాలం టైఫాయిడ్ ఊరిని పట్టుకుంది. ఫాదర్ జడ్జ్ పెట్టిన సెయింట్ మేరీస్ ఆస్పత్రిలో సెయింట్ ఆన్ సిస్టర్లు పనిచేశారు, మంచాలు చాలలేదు.

ఊళ్లో అద్దెలు భరించలేకపోతే క్లోండైక్ నది అవతలి ఒడ్డున, లౌస్‌టౌన్‌లో గుడిసె చూసుకోవచ్చు. మార్తా పర్డీ అక్కడే ఉంది, 1899 జనవరిలో అక్కడే కొడుకుని కంది. అదే మార్తా బ్లాక్ పేరుతో 1935లో కెనడా పార్లమెంటుకి ఎన్నికైంది. ఒక సంగతి మాత్రం తెలిసి ఉండండి: ఆ చోటు హాన్ ప్రజల చేపల శిబిరం, ట్రోచెక్. బంగారం కోసం వచ్చినవాళ్లు ఇరుకు చేసేసరికి వాళ్లు నది దిగువన మూస్‌హైడ్‌కి వెళ్లిపోవాల్సి వచ్చింది.

గుడిసె దుంగల సందుల్లో నాచు కూరండి. కిటికీకి అద్దం దొరకదు, ఖాళీ సీసాలు వరసగా పేర్చి బంకమట్టితో కట్టండి, వెలుగొస్తుంది. డిసెంబరులో పగలు నాలుగు గంటలే, కొవ్వొత్తులు పొదుపుగా వాడండి. కట్టెలు శనివారమే కొట్టుకోండి. ఆదివారం కట్టెలు కొట్టినందుకు కూడా పోలీసులు జరిమానా వేస్తారు.

ఇక డబ్బు. ఆడవాళ్లు కూడా పది డాలర్లు కట్టి మైనర్ సర్టిఫికెట్ (గని తవ్వే అనుమతి) తీసుకుని క్లెయిమ్ (తవ్వుకునే స్థలం) పెట్టొచ్చు, ఆ చట్టంలో అడ్డు లేదు. కానీ 1898లో వచ్చినవాళ్లకి మిగిలిన భూమి తక్కువ. నేలంతా గడ్డకట్టి ఉంటుంది, మంటపెట్టి కరిగించి, తవ్వి, మళ్లీ మంటపెట్టాలి. అలా నెలల తరబడి తవ్వి అడుగున గులకరాళ్లు చూసినవాళ్లు వేలమంది. ఆ తవ్వేవాడికి సాయంత్రం ఆకలేస్తుంది, చొక్కా చిరుగుతుంది. మీ గని అదే.

హ్యారియెట్ పుల్లెన్ 1897లో స్కాగ్వేలో దిగినప్పుడు చేతిలో ఏడు డాలర్లున్నాయని చెబుతారు. డేరా హోటల్లో వంట పనికి కుదిరింది. రాత్రిళ్లు ఖాళీ రేకు డబ్బాల్ని సుత్తితో సాపుచేసి పళ్లేలు చేసుకుని, ఎండు ఆపిల్స్‌తో పైలు కాల్చి అమ్మింది. ఆ డబ్బుతో పిల్లల్ని రప్పించుకుంది, తర్వాత గుర్రాలతో మోతబండి నడిపింది, చివరికి పేరున్న హోటలే పెట్టింది. నా దాల్చినచెక్క ఇందుకే. ఎండు ఆపిల్స్ అందరి దగ్గరా ఉంటాయి, 75 పౌండ్ల పళ్లు మోసుకొచ్చారు కదా. వాళ్ల పళ్లు, వాళ్ల పిండి వాళ్లనే తెమ్మనండి, మీరు కాల్చి ఇవ్వండి, కూలి పుచ్చుకోండి. పెట్టుబడి లేదు, పైగా కట్టెలు కూడా వాళ్లే కొడతారు.

బెలిండా ఇంకో అడుగు ముందుకేసింది. ఊళ్లో అందరూ హోటళ్లు పెడుతుంటే ఆమె గనుల మధ్యకి, బొనాంజా, ఎల్డొరాడో వాగులు కలిసే చోటికి పోయి గ్రాండ్ ఫోర్క్స్ హోటల్ కట్టింది. తాగేవాళ్ల జేబుల్లోంచి రాలిన బంగారు రజను కోసం నేల ఊడ్చిన చెత్తని కూడా కడిగించేదట. అంతకంటే విలువైంది అక్కడ కూర్చుని వినే కబుర్లు: ఎవడికి ఎక్కడ బంగారం పడింది, ఎవడు అమ్మేసి ఇంటికి పోదామనుకుంటున్నాడు. 1898 జూలైలో డాసన్‌లో ఫెయిర్‌వ్యూ హోటల్ తెరిచింది, షాండిలియర్లతో సహా. గదుల మధ్య గోడలు మాత్రం కాన్వాస్ గుడ్డే.

డాన్స్ హాళ్లలో కూడా డబ్బుంది, ఆ పని చేసినవాళ్లని తక్కువ చేసి మాట్లాడే హక్కు నాకు లేదు. తెల్లవార్లూ నాట్యం, మగవాళ్ల చేత మందు కొనిపించడం, దాని మీద కమిషను. ఆరోగ్యం తొందరగా పోతుంది. చేతిలో పని ఉన్నవాళ్లు ఉతుకు, కుట్టు, వంట పెట్టుకుంటే మేలని నా అభిప్రాయం.

డబ్బు రజనుగా ఇస్తారు, ఔన్సు 16 డాలర్ల లెక్కన. త్రాసు మీదే ఉండాలి. వేరేవాళ్ల త్రాసు మీద తూచనివ్వకండి. రజనులో నల్ల ఇసుక కలిపి ఇస్తారు, పళ్లెంలో పోసి అయస్కాంతం తిప్పితే ఇసుక దానికి అంటుకుంటుంది. అప్పు పెట్టకండి. 1899 ఎండాకాలంలో అలాస్కాలోని నోమ్‌లో బంగారం అనగానే ఒక్క వారంలో ఎనిమిది వేలమంది డాసన్ వదిలేశారు, వాళ్లతోపాటే బాకీలూ పోయాయి.

ఇంటికి తెచ్చుకోవడం

ఎథెల్ బెర్రీ తన బంగారాన్ని పరుపుచుట్టలో చుట్టి తెచ్చిందంటారు, ఎత్తలేనంత బరువు. 1898 నాటికి డాసన్‌లో బ్యాంకులు వచ్చాయి, డ్రాఫ్టు తీసుకుంటే దొంగల భయం లేదు. అయినా చేత్తో తెచ్చుకుంటానంటే ఒకే మూటగా వద్దు. లోలంగా అంచులో చిన్న చిన్న గదులు కుట్టి, గదికి నాలుగైదు ఔన్సులు పోయండి, నడిచినప్పుడు చప్పుడు రాకుండా దూది కూరండి. మొత్తం పది పౌండ్లు దాటితే నడకలో తెలిసిపోతుంది. సియాటెల్‌లో 1898 జూలై నుంచి ప్రభుత్వ అస్సే ఆఫీసు, అంటే బంగారం పరీక్షించి కొనే చోటు, ఉంది. రేవులో దిగగానే కొంటామని వచ్చేవాళ్లని దాటుకుని నేరుగా అక్కడికే వెళ్లండి, తూకం చీటీ రెండుసార్లు చదివాకే సంతకం పెట్టండి.